మనవాళ్లు వేసిన మృత్యురైలు

‘ది బ్రిడ్జ్ ఆన్ ది రివర్ క్వాయ్’ అనే ఇంగ్లీషు చిత్రం 1957లో విడుదలయింది. ఇంగ్లీషు సినిమాల మీద మోజు వున్నవారిలో దాని పేరు విననివారు అరుదు. చిరిగిన దుస్తులతో, ఈలపాట పాడుతూ, వరుస తప్పకుండా నడిచి వచ్చే బ్రిటిషు సిపాయిలు, వారి చేత వంతెన కట్టించే జపాను అధికారి, చివరకు వంతెనతో పాటు నదిలో పడిపోయే రైలుబండి ఒకసారి చూస్తే మరపురావు. డేవిడ్ లీన్ దర్శకత్వం వహించిన ఆ చిత్రానికి ఏడు ఆస్కారు బహుమతులు వచ్చాయి.

అయితే ఆ చిత్రంలో ఎంత వెదికినా కనిపించనివారు కొందరున్నారు. ఆ రైలుదారిలో మట్టి మోసినవారిలో, రాయి కొట్టినవారిలో, కలరా తగిలి వెదురు పాకల్లో ప్రాణాలు విడిచినవారిలో అధిక సంఖ్యాకులు తెల్లవారు కారు. బర్మావాళ్లు, మలయావాళ్లు, జావావాళ్లు, మలయా రబ్బరు తోటల్లో పనిచేస్తున్న దక్షిణాది కూలీలు. ఆ దక్షిణాది కూలీలలో తమిళులు ఎక్కువ. తెలుగువారూ వున్నారు.

ఈ సంగతి మన పాఠ్యపుస్తకాల్లో కనపడదు. తెలుగు సాహిత్యం చదివి, తెలుగు చెప్పి జీవించే నావంటివాడికి రైళ్లతో ఏం పని అని పాఠకులు అనుకోవచ్చు. తెలుగు మాట్లాడే నోళ్లు ఎక్కడ మూగబోయాయో తెలుసుకోవడం కూడా తెలుగు మాస్టరు పనే అని నా నమ్మకం.

గేజి అంటే ఏమిటి?

ముందుగా కొలతల సంగతి. రెండు పట్టాల మధ్య వుండే ఎడమే గేజి. ఇప్పుడు మన దేశంలో అంతటా కనిపించే పెద్ద లైనుకు ఆ ఎడం 1676 మిల్లీమీటర్లు, అంటే అయిదున్నర అడుగులు. మీటరు గేజికి సరిగ్గా ఒక మీటరు. అంతకన్నా చిన్నవాటిలో మన దేశంలో రెండున్నర అడుగుల లైన్లూ, రెండడుగుల లైన్లూ వుండేవి.

మా ఐరాల చుట్టుపక్కలవారికి మీటరు గేజి పరాయిది కాదు. మాకు దగ్గరి జంక్షను పాకాల. అటు కాట్పాడికీ, ఇటు తిరుపతికీ, పడమటికి ధర్మవరానికీ పోయే లైన్లన్నీ ఒకప్పుడు మీటరు గేజివే. ధర్మవరం లైను కూడా పెద్దదయింది ఈ శతాబ్దం వచ్చాకనే. నా చిన్నతనంలో ఆ చిన్న పెట్టెల్లో ఎదురుబెదురు బల్లల మీద కూర్చుంటే మోకాళ్లు మోకాళ్లు తగిలేవి. మామిడికాయల బుట్టలూ, బెల్లం మూటలూ, తిరుపతికి మొక్కు చెల్లించబోయే కుటుంబాలూ ఆ బండిలోనే. ఒకసారి మా కాలేజీలో తరగతి గది నేల మీద సుద్దముక్కతో ఈ కొలతలన్నీ గీసి చూపించాను. “ఇంత సన్నదారి మీద యుద్ధం నడిచిందా సార్?” అని ఒక పిల్లవాడు నోరు తెరిచాడు. నడిచింది. ఒక యుద్ధంలో కాదు, రెండు ప్రపంచ యుద్ధాల్లోనూ నడిచింది.

సన్నదారికి మూడు సుగుణాలున్నాయి. పట్టా తేలిక, కాబట్టి మనుషులు భుజాన మోయగలరు. మలుపు చిన్నది, కాబట్టి కొండను తొలవకుండా చుట్టి పోవచ్చు. కట్ట వెడల్పు తక్కువ, కాబట్టి మట్టిపని తక్కువ. తొందరలో వున్న సైన్యానికి ఇంతకన్నా ఏం కావాలి?

దుంపల పొలం నుంచి యుద్ధభూమికి

ఈ తేలికపాటి రైలును ప్రచారంలోకి తెచ్చినవాడు పాల్ డెకవిల్ అనే ఫ్రెంచి ఆసామి. 1870లలో ఆయన పొలంలో చక్కెర దుంపలు విరగపండాయి. వానలకు నేల బురదై బండ్లు దిగబడ్డాయి. అప్పుడు ఆయన పట్టాలూ, అడ్డదిమ్మలూ కలిపి బిగించిన నిచ్చెనల వంటి ముక్కలు చేయించి, కావలసిన చోట పరిచి, పని కాగానే ఎత్తి మరోచోట వేసుకున్నాడు. చెరుకుతోట నుంచి గానుగ దాకా బండి తోలే కష్టం తెలిసిన మా చిత్తూరు జిల్లా రైతులకు దాని విలువ చెప్పనక్కరలేదు.

రైతు కోసం పుట్టిన ఆ ఉపాయాన్ని సైన్యాలు వెంటనే అందిపుచ్చుకున్నాయి. 1914లో మొదటి ప్రపంచ యుద్ధం వచ్చేసరికి ఫ్రెంచివారికీ, జర్మనులకూ 60 సెంటీమీటర్ల గేజి రైళ్లు సిద్ధంగా వున్నాయి. బ్రిటిషువారు మొదట లారీలను నమ్ముకున్నారు. ఫిరంగి గుండ్లకు గుల్లయిన నేలలో లారీలు కూరుకుపోయాక, 1916 చివర నుంచి వారూ ఈ దారి పట్టి, అమెరికాలోని బాల్డ్విన్ కంపెనీకి 495 చిన్న ఇంజన్లు పురమాయించారు. పగలు పొగ కనపడితే శత్రువు గురిపెడతాడు గనుక ఆవిరి ఇంజన్లు కొంత దూరమే పోయేవి. అక్కడి నుంచి కందకాల దాకా పెట్రోలు ఇంజన్లో, కంచరగాడిదలో, మనుషులో లాగేవారు. పోయేటప్పుడు గుండ్లు, వచ్చేటప్పుడు గాయపడ్డవారు.

1916లో వెర్డన్ దగ్గర జర్మనులు ముట్టడి వేసినప్పుడు పెద్ద రైలుమార్గాలు తెగిపోయాయి. ఒక రోడ్డూ, దాని పక్కనే వున్న ఒక మీటరు గేజి పల్లెటూరి రైలూ మిగిలాయి. లక్షలాది సైన్యానికి రొట్టె మోసింది ఆ పల్లెటూరి బండి.

ఆ యుద్ధం ముగిశాక బాల్డ్విన్ ఇంజన్లలో యాభై దాకా మన దేశానికి చేరాయి. ఉత్తర ప్రదేశ్‌లోని ఖతౌలీ చక్కెర మిల్లు వంటి చోట్ల దశాబ్దాల తరబడి చెరుకు మోశాయి. అంటే దుంపల పొలంలో పుట్టిన ఉపాయం రణరంగం చుట్టివచ్చి మళ్లీ చెరుకు తోటకే చేరిందన్నమాట!

మన దేశపు రైలు సామాను కూడా విదేశీ యుద్ధాలకు ప్రయాణం చేసింది. మొదటి యుద్ధంలో మెసపొటేమియాలో, అంటే ఇప్పటి ఇరాకులో, మీటరు గేజి లైన్లూ, రెండున్నర అడుగుల లైన్లూ వేసింది మన దేశం నుంచి పోయిన పట్టాలతో, ఇంజన్లతో, మనుషులతోనే. రెండో యుద్ధం మన పొరుగున వున్న ఒక రైలునే మింగింది. మొరప్పూరు నుంచి ధర్మపురి మీదుగా హోసూరుకు రెండున్నర అడుగుల రైలు ఒకటి వుండేది. కరువు కాలంలో ధాన్యం చేరవేయడానికి వేసిన లైను అది. 1906లో ధర్మపురికీ, 1913లో హోసూరుకూ వచ్చిన ఆ బండిని యుద్ధం రోజుల్లో, 1941లో మూసేశారు. హోసూరు తాలూకాలో తెలుగు మాట్లాడేవారు ఎందరో వున్నారు. ఎక్కడో జరిగే యుద్ధానికి తమ వూరి రైలు ఎందుకు పోయిందని వారు అనుకునే వుంటారు.

జపాను ఆలోచన

ఇక అసలు కథకు వద్దాం. 1941 డిసెంబరు 8న జపాను సైన్యం మలయాలోని కోటబారు తీరంలో దిగింది. 1942 ఫిబ్రవరి 15న సింగపూరు లొంగిపోయింది. మార్చి 8న రంగూను పడిపోయింది. ఏప్రిల్ 6న విశాఖపట్నం మీదా, కాకినాడ మీదా జపాను విమానాలు బాంబులు వేశాయి. తెలుగు తీరం ఆ యుద్ధాన్ని కళ్లారా చూసింది. రంగూనులో రేవుల్లోనూ, బియ్యం మిల్లుల్లోనూ పనిచేస్తున్న వేలాది తెలుగువారు మూటాముల్లె నెత్తిన పెట్టుకుని అడవుల గుండా ఇంటిదారి పట్టారు. లక్షల మంది భారతీయులు నడిచిన ఆ దారిలో వేలమంది రాలిపోయారు.

బర్మాను పట్టుకున్న జపాను సైన్యానికి తిండీ, తుపాకిగుండూ సముద్రం మీదనే రావాలి. మలక్కా జలసంధి చుట్టి రంగూను చేరాలి. 1942 జూన్‌లో మిడ్‌వే దగ్గర జపాను నౌకాదళం దెబ్బతిన్న తర్వాత ఆ దారికి భద్రత తగ్గింది. జలాంతర్గాములు కాచుకుని వుండేవి. నేల మీద దారి కావాలి.

థాయిలాండులో బాన్‌పాంగ్ దాకా రైలు వుంది. బర్మాలో తన్‌బ్యూజయత్ దగ్గర రైలు వుంది. రెంటి మధ్యా 415 కిలోమీటర్లు: కొండలు, నదులు, కారడవి, ఏడాదిలో సగం రోజులు వానలు. మధ్యలో మూడు పగోడాల కనుమ. రెండు దేశాల్లోనూ వున్నది మీటరు గేజియే కనుక కొత్త దారికీ అదే కొలత పెట్టారు. 1942 నడిమికి పని మొదలయింది. థాయి వైపు జపాను 9వ రైల్వే రెజిమెంటు, బర్మా వైపు 5వ రెజిమెంటు. పట్టాలెక్కడివి? బర్మాలో జంట లైనులో ఒకదాన్ని పెరికారు, మలయా తూర్పు కోస్తా లైనును పెరికారు. వంతెన ఇనుము కొంత జావా నుంచి వచ్చింది. జపాను నుంచి 90 సి-56 రకం ఇంజన్లను తెచ్చి, వాటి చక్రాలను మీటరుకు కుదించారు.

పట్టాలు దొరికాయి, ఇంజన్లు దొరికాయి. మరి మనుషులు?

తోటల్లో మనవాళ్లు

మొదట చిక్కినవారు యుద్ధఖైదీలు. బ్రిటిషు, ఆస్ట్రేలియా, డచ్చి సిపాయిలు అరవై వేలకు పైగా ఈ పనికి వచ్చారు. వారు చాలలేదు. అప్పుడు జపానువారి చూపు మలయా తోటల మీద పడింది.

మలయా రబ్బరు తోటలకు మనవాళ్లు వెళ్లడం పంతొమ్మిదో శతాబ్దం నాటి నుంచీ వుంది. కంగాణీ అనేవాడు తోట దొర దగ్గర బయానా తీసుకుని సొంత వూరికి వచ్చి, కరువులో వున్న ఇళ్లు చూసి, రంగురంగుల మాటలు చెప్పి జనాన్ని పోగుచేసేవాడు. ఆవడిలోనో, నాగపట్నంలోనో కూలీల డిపోలో కొన్నాళ్లుంచి ఓడ ఎక్కించేవారు. మద్రాసు, నాగపట్నం, పినాంగు, సింగపూరుల మధ్య తిరిగిన ‘రజులా’ ఓడ పేరు ఆ తరంవారికి సుపరిచితం. తెలుగువారిలో ఎక్కువమంది విశాఖ, గోదావరి జిల్లాల నుంచి వెళ్లినవారు. మా చిత్తూరు సీమ నుంచి వెళ్లినవారూ వున్నారు. పేరాక్‌లోని బాగాన్ దాతో కొబ్బరి తోటలు మొదలుగా కొన్ని చోట్ల తెలుగు కుటుంబాలు గుంపులుగా వుండేవి. 1931 జనాభా లెక్కల నాటికి మలయాలో తెలుగువారు ముప్ఫై వేల పైచిలుకు. కూలీల దురవస్థ చూసి 1938లో భారత ప్రభుత్వం ఈ వలసను ఆపింది. అప్పటికే వెళ్లినవారు అక్కడే వున్నారు.

జపాను వచ్చాక రబ్బరు కొనే నాథుడు లేడు. తోటలు మూతపడ్డాయి. బర్మా నుంచి వచ్చే బియ్యం తగ్గి, కర్రపెండలం తిని బతకాల్సి వచ్చింది. సరిగ్గా అప్పుడు రైలు పని కబురు వచ్చింది. మూడు నెలల పని, రోజుకు డాలరు కూలి, తిండి, బస, మందులు ఉచితం. మాట వినడానికి బాగానే వుంది. ఆకలిగొన్నవాడికి అంతకన్నా ఏం కావాలి? కొందరు పెళ్లాం బిడ్డలతో సహా బయలుదేరారు.

మూడు నెలలు దాటినా వెళ్లినవారు తిరిగి రాలేదు. ఉత్తరం ముక్క రాలేదు. తోటల్లో అనుమానం పుట్టింది. దాంతో మంచిమాటల కాలం పోయి బలవంతం మొదలయింది. తోటకు ఇంతమంది అని లెక్క కట్టి అడిగారు. వీధుల్లో లారీలు ఆపి పట్టుకున్నారు. ఉచితంగా సినిమా చూపిస్తామని జనాన్ని పిలిచి, తలుపులు మూసి, నేరుగా రైలెక్కించిన ఉదంతాలు మలయాలో ఈనాటికీ చెప్పుకుంటారు. రైలుదారికి పోవడం కన్నా ఆజాద్ హింద్ ఫౌజులో చేరడమే మేలని ఆ ఫౌజులో చేరిన తోట కుర్రవాళ్లూ లేకపోలేదు.

అడవిలో

సరుకులు వేసే ఇనుప పెట్టెల్లో, పడుకునే చోటు లేకుండా, నాలుగైదు రోజుల ప్రయాణం. బాన్‌పాంగ్‌లో దింపి అక్కడి నుంచి నడక. కొందరికి వంద మైళ్లు, కొందరికి రెండు వందలు. వాన, బురద, జలగలు. దారిలో పడినవాణ్ణి లేపే దిక్కు లేదు.

పని అంటే చేతిపని. చెట్టు నరకడం, మొద్దు ఈడ్వడం, బుట్టలతో మట్టి మోసి కట్ట పోయడం. రాతికొండ అడ్డం వస్తే ఒకడు ఉలి పట్టుకోవాలి, ఒకడు సమ్మెట వేయాలి, బెజ్జం పడ్డాక మందు కూరి పేల్చాలి. ఖైదీలు ‘హెల్‌ఫైర్ పాస్’ అని పేరుపెట్టిన కోనయు కోత దగ్గర పాతిక మీటర్ల లోతున కొండను అలా చీల్చారు. రాత్రిళ్లు కాగడాల వెలుగులో బక్కచిక్కిన మనుషులు సమ్మెటలు వేస్తుంటే నరకం చూసినట్టు వుండేదట. పేరు అందుకే వచ్చింది. దారి పొడుగునా ఆరువందల పైచిలుకు వంతెనలు. వాటిలో అధికభాగం కొయ్యవే.

1943లో పనికి తొందర పెంచారు. ఏడాది చివరకు కావలసిన దారి ఇంకా ముందే కావాలన్నారు. ‘స్పీడో, స్పీడో’ అని కావలివాళ్లు కేకలు వేసేవారు. రోజుకు పద్ధెనిమిది గంటల దాకా పని. సరిగ్గా అదే సమయానికి వర్షాకాలం వచ్చింది. వర్షంతో పాటు కలరా వచ్చింది.

ఎవరు ఎక్కువ చచ్చిపోయారు, ఎందుకు?

ఇక్కడ పాఠకులు ఒక్క క్షణం ఆగాలి. యుద్ధఖైదీలలో అయిదింట ఒకరు మరణించారు, అంటే పన్నెండు వేలకు పైగా. అది చిన్న సంఖ్య కాదు. ఆసియా కూలీల సంగతి చూస్తే, మొత్తం రెండు లక్షల మంది వుంటారని అంచనా. పోయినవారు తొంభై వేల దాకా వుంటారని ఎక్కువమంది చరిత్రకారుల మాట. ఒకే అడవి, ఒకే వాన, ఒకే కాపలా. మరి ఇంత తేడా ఎందుకు వచ్చింది?

మొదటి కారణం వైద్యుడు. సిపాయిల వెంట వారి సైన్యపు డాక్టర్లే వున్నారు. ఆస్ట్రేలియా సర్జను ఎడ్వర్డ్ డన్‌లప్ వంటివారు వెదురుతో పరికరాలు చేసుకుని శస్త్రచికిత్సలు చేశారు. కూలీల శిబిరాలకు ఆ అదృష్టం లేదు.

రెండోది కట్టుబాటు. సిపాయికి ఒక అధికారి వుంటాడు. కాచని నీళ్లు తాగకూడదు, మరుగుదొడ్డి ఇక్కడే తవ్వాలి, తినబోయే ముందు గిన్నె మరిగే నీళ్లలో ముంచాలి అని శాసిస్తాడు. కలరాకు విరుగుడు అదే. తోటల నుంచి, వీధుల నుంచి పట్టుకొచ్చిన జనానికి చెప్పేవారెవరు? నలుగురు నాలుగు భాషలవారు, ఒకరి ముఖం ఒకరికి తెలియదు. పసిపిల్లలూ వారిలో వున్నారు. ఏటినీళ్లు చల్లగా కనపడితే తాగారు. ఎగువ శిబిరంలో శవాలున్నాయని దిగువవాడికి ఎలా తెలుస్తుంది?

మూడోది అన్నిటికన్నా కఠినమైన కారణం. సిపాయి పేరు ఒక జాబితాలో వుంది. అతడు పోతే స్నేహితుడు రాసిపెట్టుకుంటాడు, యుద్ధం ముగిశాక ఒక ప్రభుత్వం అడుగుతుంది. కూలీ పేరు అడిగే ప్రభుత్వం లేదు. ఒకడు పోతే ఇంకొకణ్ణి తేవచ్చు. అడిగేవాడు లేని మనిషి ప్రాణం చౌక అని లోకం నడత. ఆ అడవిలో అది అక్షరాలా రుజువయింది.

అవతలి పక్క కూడా మీటరు గేజే

వింత ఏమంటే, ఆ బర్మా యుద్ధంలో ఎదురుపక్షం కూడా మీటరు గేజి మీదనే ఆధారపడింది. ఇంఫాల్, కొహిమా వైపు వున్న బ్రిటిషిండియా సైన్యానికి తిండి మోసింది బెంగాల్-అస్సాం రైల్వే. తేయాకు మోయడానికి వేసిన ఆ లైనుకు యుద్ధభారం తలకు మించినదయింది. పెద్ద లైను మీద వచ్చిన సరుకును మీటరు గేజి పెట్టెల్లోకి మార్చాలి. బ్రహ్మపుత్ర మీద వంతెన లేదు, పెట్టెలను పంట్ల మీద దాటించాలి. 1944 మార్చిలో అమెరికా సైనిక రైల్వే దళాలు వచ్చి ఆ మార్గంలో 804 మైళ్లు తమ చేతిలోకి తీసుకున్నాయి. మన దక్షిణాది సిపాయిలతో నిండిన మద్రాసు శాపర్ల దళాలూ ఆ రంగంలో రోడ్లు, వంతెనలు కట్టాయి.

అంటే ఆ యుద్ధరంగానికి అటూ ఇటూ ఒకే కొలత పట్టాలు, రెండు పక్కలా మనవాళ్లు. ఒక పక్క యూనిఫారం వేసుకుని జీతానికి, మరో పక్క గోచీ కట్టుకుని చావుకు.

బండి నడిచింది

1943 అక్టోబరు 17న రెండు వైపుల పట్టాలూ కొంకొయిటా దగ్గర కలిశాయి. 25న ప్రారంభోత్సవం చేశారు. 415 కిలోమీటర్ల దారి దాదాపు పదహారు నెలల్లో పూర్తయింది. సాంకేతికంగా అది గొప్ప పనే. ఒక్కొక్క అడ్డదిమ్మకు ఒక్కొక్క ప్రాణం పోయిందని సామెతగా చెప్పుకుంటారు. అంత పనీ, ఇన్ని ప్రాణాలూ పోసి సాధించిందేమిటి?

మొదట రోజుకు 3000 టన్నులు మోయాలని లెక్క వేశారు. తొందరలో దాన్ని 1000కి తగ్గించారు. తీరా నడిచాక అదీ అందలేదు. మిత్రపక్షాల విమానాలు వంతెనల మీద బాంబులు వేయడం, వాటిని మళ్లీ కట్టడం. దారి పూర్తయ్యాక కూడా వేలాది కూలీలను మరమ్మతుల కోసం అక్కడే వుంచేశారు. ఆ బాంబుల కింద పోయినవారు ఇంకొందరు. 1944లో ఇంఫాల్ దగ్గర జపాను ఓడింది. 1945 ఆగస్టులో యుద్ధమే ముగిసింది. ఇన్ని ప్రాణాలు తిన్న రైలు రెండేళ్లు తిరగకుండానే పని లేనిదయింది.

తర్వాత బ్రిటిషువారు థాయి వైపు భాగాన్ని పన్నెండున్నర లక్షల పౌండ్లకు థాయిలాండుకు అమ్మేశారు. సరిహద్దు దగ్గర పట్టాలు పీకేశారు. ఇప్పుడు నామ్‌టోక్ దాకా బండి నడుస్తోంది. యాత్రికులు కిటికీల్లోంచి ఫోటోలు తీసుకుంటూ పోతారు. సినిమా చూసి వచ్చిన జనం క్వాయ్ నది ఏదని అడుగుతుంటే, వంతెన వున్న మేక్లాంగ్ నదిలో ఆ భాగానికి 1960లో థాయివారు ‘క్వే యాయ్’ అని పేరు మార్చారు. సినిమా కోసం నది పేరే మారింది! మొదట నడిచిన ఇంజన్లలో ఒకటైన సి-56 31వ నంబరును 1979లో జపానుకు తీసుకుపోయి, టోక్యోలో యాసుకుని మందిరం పక్కన ప్రదర్శనశాలలో నిలబెట్టారు. ఇంజనుకు కూడా నంబరుంది, చిరునామా వుంది.

సమాధులు ఎవరివి?

కాంచనబురిలో యుద్ధఖైదీల శ్మశానం వుంది. ఏడువేలకు దగ్గరగా సమాధులు. పచ్చిక కత్తిరించి, పూలమొక్కలు పెంచి, ప్రతి రాతి మీదా పేరు చెక్కి వుంటుంది. చుంకైలో ఇంకొకటి, బర్మాలో తన్‌బ్యూజయత్‌లో మరొకటి. ఆ గౌరవం వారికి తగినదే. నాకు దాని మీద అసూయ లేదు.

కూలీలకు అటువంటి శ్మశానం ఒక్కటీ లేదు. కలరాతో పోయినవారిని గోతుల్లో కుప్పగా వేశారు, కాల్చారు, చోటు గుర్తు పెట్టలేదు. యుద్ధం తర్వాత తీసిన లెక్క ఒకటుంది. మలయా నుంచి పంపిన కూలీలు డెబ్బై ఎనిమిది వేలు. చనిపోయినట్టు రాసినవారు ముప్ఫై వేలకు దగ్గర. ‘పారిపోయినవారు’ అని రాసినవారు ఇరవై నాలుగు వేలకు పైగా. ఈ మూడో అంకె దగ్గర నా మనసు ఆగిపోతుంది. భాష తెలియని దేశంలో, దారి తెలియని అడవిలో, జ్వరంతో వున్న మనిషి పారిపోయి ఎక్కడికి చేరతాడు? ‘పారిపోయాడు’ అన్న ఒక్క క్రియాపదం కింద ఎన్ని చావులు దాగివున్నాయో!

మరొక సంగతి వుంది. చాలా పత్రాల్లో దక్షిణాది కూలీ అంటే ‘తమిళుడు’ అని ఒకే మాట. రాసినవాడికి తేడా తెలియదు, అక్కరా లేదు. అందుచేత మనవాళ్లు ఎంతమంది అన్న లెక్క తెలుగు పేరుతో ఎక్కడా తేలదు. 1944లో జపాను రైల్వే దళమే వంతెన దగ్గర పోయినవారి జ్ఞాపకార్థం ఒక స్తంభం కట్టించింది. దాని చుట్టుగోడ మీద పలు భాషల ఫలకాలున్నాయి. తమిళంలో కూడా వుంది. తెలుగులో లేదు. చంపినవారు పెట్టిన నివాళిలో కూడా మన అక్షరానికి చోటు దొరకలేదు.

తమిళులు తమ సంగతి తాము చూసుకున్నారు. 2023లో కాంచనబురిలోని ఒక బౌద్ధాలయంలో వారు ఒక వీరశిల నిలిపారు. వీరశిల అంటే మా చిత్తూరు జిల్లావారికి కొత్త చెప్పనక్కరలేదు. మా పల్లెల పొలిమేరల్లో, చెరువు కట్టల మీద, చింతచెట్ల కింద వెయ్యేళ్ల నాటి వీరగల్లులు నేటికీ నిలబడి వున్నాయి. ఆవులమందను కాపాడబోయి చచ్చిపోయిన మామూలు మనిషికి కూడా ఆ రోజుల్లో వూరివారు రాయి నిలిపి, పేరు చెక్కించారు. రాజులకే శాసనాలు అనుకునే మనకు ఆ రాళ్లు చెప్పే పాఠం గొప్పది. పోయినవాడు మనవాడయితే, వాడి పేరు నిలపడం వూరి బాధ్యత.

చేయవలసింది

యుద్ధం తర్వాత మలయా తెలుగువారు నిలదొక్కుకున్నారు. 1955లో మలయాంధ్ర సంఘం పెట్టుకున్నారు. అదే నేటి మలేసియా తెలుగు సంఘం. పిల్లలకు తెలుగు నేర్పించుకున్నారు. వారి ఇళ్లలో తాతముత్తాతల నోట విన్న మాటలు ఇంకా వుండవచ్చు. ఇక్కడ మన ఇళ్లలోనూ వుండవచ్చు. ‘మా జేజినాయన తమ్ముడు మలయాకు పొయ్యి మళ్లా రాలేదు’ అనే ఒక్క వాక్యం దగ్గర ఎన్ని కుటుంబాల కథ ఆగిపోయిందో ఎవరు లెక్కపెట్టారు? 1942 తర్వాత ఉత్తరాలు ఎందుకు ఆగిపోయాయో ఆ ఇళ్లవారికి ఎవరూ చెప్పలేదు. మరచిపోయాడనుకున్నారు. అక్కడే మరో సంసారం పెట్టుకున్నాడని నిందించినవారూ వుంటారు.

పాఠకుల ఇళ్లలో పాత ట్రంకుపెట్టెల అడుగున మలయా తపాలాబిళ్ల వున్న కవరో, ఓడ టిక్కెట్టో, మనియార్డరు రశీదో వుంటే దయచేసి చెత్తలో వేయకండి. పెద్దవాళ్లను కూర్చోబెట్టి పేరు, వూరు, వెళ్లిన సంవత్సరం, చివరి ఉత్తరం ఎప్పుడు వచ్చింది అనే నాలుగు మాటలు ఒక నోటుపుస్తకంలో రాసిపెట్టండి. ఆ పని చేయడానికి చరిత్ర పట్టా అక్కరలేదు, హైస్కూలు చదివే మనుమరాలు చాలు. అటువంటి నోటుపుస్తకాలు పది జిల్లాల్లో పది వందలు పోగయితే, ‘తమిళుడు’ అన్న మాట కిందా, ‘పారిపోయాడు’ అన్న మాట కిందా పూడిపోయినవారిలో కొందరికైనా పేరు దక్కుతుంది.

ఆ పేర్లు దొరికిన రోజున రాయి నిలపడానికి మనకు రాయి కరువు కాదు, చెక్కేవారూ కరువు కారు.